ఒకటిన్నర కంటే ఎక్కువ

పోర్ట్ బ్లెయిర్ మిన్నీ బే పల్లపు వీధిలో అమావాస్యో పున్నమో వచ్చిందని తెలుసుకోవడానికి క్యాలెండరు అక్కర్లేదు, ముక్కుంటే చాలు. సునామీతో పట్టుకుంది ఈ భోగం. ఆ రోజు పొద్దున్న భూకంపానికి ఇక్కడి నేల మూడడుగుల మేర కిందికి దిగిపోయింది. సముద్రం ఎక్కడుండాలో అక్కడే ఉంది, ఊరే కుంగింది. అప్పట్నుంచి పెద్ద పోటు వచ్చినప్పుడల్లా మురిక్కాలవలో నీళ్ళు వెనక్కి నడిచి, వంటగది తూముల్లోంచీ మరుగుదొడ్లలోంచీ పైకి లేస్తాయి. లేచేటప్పుడు ఒట్టి చేతులతో రావు. కింద దాగినదంతా మోసుకొస్తాయి.

కావేరి ఆ పొద్దున్న తూము మూత మీద రుబ్బురోలు పొత్రం పెట్టి, అది చాలక ఒక ఇటుక కూడా పెట్టింది. అయినా మూత చుట్టూ నల్లటి నీళ్ళు బుడగలు బుడగలుగా ఉబికాయి. అందులో చేప పొలుసులు, ఎవరింట్లోవో అన్నం మెతుకులు, ఎప్పుడో సహాయ శిబిరంలో పంచిన బిస్కట్ల రేపర్లు. చేతిలో ఉన్న టీ గ్లాసు అలాగే పారబోసింది. ఏడాదికి పైగా చూస్తున్నా, అది చూశాక ఏదీ నోట పెట్టబుద్ధి కాదు. కొందరు అలవాటైపోయిందంటారు. ఇలాంటి దానికి అలవాటు పడేవాళ్ళను చూస్తే ఆమెకు మరీ రోత.

కావేరి లెక్కల టీచరు. వాళ్ళ తాత బారువ తీరం నుంచి పడవల పని మీద వచ్చి ఇక్కడే ఉండిపోయాడు. తండ్రి హార్బర్‌లో చేశాడు. ఆమె పుట్టిందీ చదివిందీ చెబుతున్నదీ అంతా పోర్ట్ బ్లెయిర్లోనే. బడి రోడ్డు పక్కన మెరకలో ఉంది కాబట్టి అక్కడికి పోటు రాదు. అయితే సునామీ తర్వాత దక్షిణపు దీవుల్లోని హట్ బే నుంచీ కాంప్‌బెల్ బే నుంచీ ఓడల్లో వచ్చి, రేకుల షెడ్లలో ఉంటున్న కుటుంబాల పిల్లలు కూడా అదే బడిలో చేరడంతో చోటు చాలలేదు. ఆ పిల్లలకు వరండాలో పాఠం. ఒక పక్క ఎండ, ఒక పక్క వాన, మధ్యలో కావేరి.

వాళ్ళ కోసం రోడ్డుకు దిగువన, ఒకప్పటి కొబ్బరితోటలో కొత్త గదులు కడుతున్నారు. ఉప్పునీటికి సగం చెట్లు మోడులైపోయాయి, ఆ మోడుల మధ్య గదులు. కట్టేది గణేశ్వరరావు. కాంట్రాక్టరు, వరసకు కావేరికి మావయ్య. మనిషి మంచివాడే అంటారు అందరూ. మంచివాడితో వచ్చే చిక్కేమిటంటే, తిట్టడానికి వీలుండదు.

వరండా పిల్లల్లో ప్రత్యూష అని పదమూడేళ్ళ పిల్ల ఉంది. హట్ బేలో అల వచ్చినప్పుడు తల్లి చెయ్యి పట్టుకునే పరిగెత్తిందట. చెయ్యి జారిపోయింది. ఇప్పుడు నాయనమ్మ యర్రమ్మతో రేకుల షెడ్డులో ఉంటోంది. సముద్రపు నీళ్ళు ఆ పిల్ల కాలికి తగలకూడదు, అంతే. రోడ్డు మీద పోటు నీళ్ళు నిలిస్తే గోడల మీదుగా నడిచి వస్తుంది. గోడ లేనిచోట ఆగిపోతుంది. ఆ రోజు బడికి రాదు. యర్రమ్మ ఒకటి రెండుసార్లు కర్రెత్తింది గాని, పిల్ల కళ్ళు చూసి దించేసింది.

గదులకు పునాది తవ్విన రోజున ప్రత్యూష వరండా స్తంభం పట్టుకుని అడిగింది. "టీచర్, అందులోకి పానీ వస్తాదా?"

"రాదు. నా మాట నమ్ము" అంది కావేరి.

అనేసింది. ఎందుకంటే కొత్తగా కట్టే గదిలోకి నీళ్ళు వచ్చేలా ఎవరైనా కడతారని ఆమెకు తోచలేదు. కుంగిన ఊళ్ళో, ఆ కుంగిన సంగతి చిన్నపిల్లలకు కూడా తెలిసిన ఊళ్ళో, అంతమాత్రం చూసుకోరా అనుకుంది.

మార్చిలో అసమీకరణాల పాఠం వచ్చింది. పుస్తకంలో లెక్కలు చూస్తే ఆవులింతలు వచ్చాయి. ఎవడో ఒకడి దగ్గర కొన్ని పెన్నులున్నాయి, ఇంకొకడి దగ్గర అంతకంటే ఎక్కువున్నాయి. ఉంటే ఉండనీ, ఎవడికి కావాలి? కావేరి పుస్తకం మూసింది.

"మీకు తెలిసినవి చెప్పండి. ఇంతకు మించకూడదు, ఇంతకు తగ్గకూడదు అని రోజూ ఎక్కడెక్కడ అంటుంటారు?"

చేతులు లేచాయి. షెడ్డులో నీళ్ళ డ్రమ్ము గురించి ఒకడు చెప్పాడు, మళ్ళీ కుళాయి వచ్చేదాకా ఇంట్లో అందరికీ సరిపోవాలి కదా అని. ప్రోతరాపూర్ బస్సులో సీట్లకు మించి ఎక్కితే కండక్టరు తిడతాడని ఇంకొకడు. తిట్టినా ఎక్కిస్తాడని పక్కవాడు. పోటు వచ్చినప్పుడు ఒక మంచం మీద ఎంతమంది కాళ్ళు పైకి పెట్టుకోవచ్చని ఒక పిల్ల లెక్క వేసింది, తాత కాళ్ళను రెండింతలుగా వేసుకుంది, ఆయనకు వాతం వాపు ఉందని. అందరూ నవ్వారు.

"సమీకరణానికి జవాబు ఒకటే" అంది కావేరి బోర్డు మీద రాస్తూ. "దీనికి అలా కాదు. దీనికి జవాబులు బోలెడు. ఈ గుర్తు మొసలి లాంటిది, నోరు తెరిచి పెద్దదాని వైపు తిరిగి ఉంటుంది. ఆ గుర్తు దాటితే చాలు, అవతల ఏది తెచ్చినా సరైనదే."

ప్రత్యూష లేచి బోర్డు దగ్గరకు వచ్చింది.

"కొత్త రూము లెక్క చెప్తాను, టీచర్."

లెక్క ఇదీ. కల్వర్టు గోడ మీద ఒక గీత ఉంది. గణేశ్వరరావు తండ్రి, పడవ నడిపిన వీరన్న, ఎప్పుడో ఉలితో చెక్కిన గీత. ఎంత పెద్ద పోటు వచ్చినా నీళ్ళు దాన్ని దాటవని ఆ వీధి తెలుగువాళ్ళందరికీ నమ్మకం. ఇల్లు కట్టుకున్నా, పశువుల కొట్టం వేసుకున్నా, పెళ్ళికి పందిరి వేసినా వీరన్న గీత చూసుకునే వేశారు. కొత్త గది నేల ఆ గీతకు రెండడుగుల ఎత్తున వేశారు, అంటే ఇరవైనాలుగు అంగుళాలు. ఇప్పుడు పెద్ద పోటు ఆ గీతను దాటి మూడడుగులు లేస్తోంది, అంటే ముప్పైఆరు. కిందటి అక్టోబరులో అక్కడ ఇంకా తోటే ఉన్నప్పుడు అంత లేచింది, వీధి వీధంతా చూసింది. సిమెంటు బ్లాకు ఒక్కో వరుస ఎనిమిది అంగుళాలు. నేలను ఇంకా ఎన్ని వరుసలు లేపితే నీళ్ళు రావు?

పిల్ల రాసింది: 24 + 8x > 36.

అంతకుముందు నవ్విన పిల్లలు కూడా మంచం లెక్క మర్చిపోయారు. రెండు వైపులా ఇరవైనాలుగు తీసేశారు. ఎనిమిది x, పన్నెండు కంటే ఎక్కువ. ఎనిమిదితో భాగించారు. x ఒకటిన్నర కంటే ఎక్కువ.

"సగం బ్లాకు కట్టరు కదా" అన్నాడొకడు.

"అందుకే రెండు" అంది ప్రత్యూష. "మూడైనా ఒప్పే. నాలుగైనా ఒప్పే. ఒక్కటి తప్పు. సున్నా తప్పు." అని కావేరి వైపు తిరిగింది. "ఇప్పుడుంది సున్నా, టీచర్."

ఆ పిల్ల లెక్క చెయ్యలేదు. టీచరిచ్చిన మాటను తూకం వేసింది. కావేరికి మొహం మీద ఎవరో చెయ్యి పెట్టి నొక్కినట్టయింది.

"పానీ వస్తే నాను రాను, టీచర్" అంది ప్రత్యూష. బెదిరింపు కాదు. రేపు ఆదివారం అన్నట్టు అంది.

సాయంత్రం కావేరి సరాసరి కట్టుబడి దగ్గరకు దిగింది. గణేశ్వరరావు కుర్చీలో కూర్చుని కొబ్బరిబొండం తాగుతున్నాడు. వెనక కొత్త మరుగుదొడ్ల గొయ్యి మూత లేకుండా ఉంది, దాని మీద ఈగలు. ఆ పక్కనే కూర్చుని అంత ఇష్టంగా ఎలా తాగగలుగుతున్నాడో ఆమెకు అర్థం కాలేదు.

"రా కావేరమ్మా! చూసినావా, ఎంత బాగా లేసిందో!"

"బాగుంది మావయ్యా. నేల ఇంకో రెండు వరుసలు లేపాలి."

"దేనికేటి?"

చెప్పింది. నేలమీద పుల్లతో రాసి మరీ చెప్పింది. ఆయన ఓపిగ్గానే విన్నాడు. విని, పాటకచేరీలో పసిపాప ఏడుస్తే నవ్వినట్టు నవ్వాడు.

"మీ తాతా, మా నాన్నా ఒకే పడవలో తిరిగినోళ్ళు. ఆ గీత నలభై ఏళ్ళు తప్పలేదు. నాను దాని మీద రెండడుగులు ఎక్కువే ఏసినాను, ఎందుకైనా మంచిదని. ఇంకేటి కావాల?"

"గీత తప్పలేదు మావయ్యా, గీత దిగిపోయింది. ఆ గోడ కూడా నేలతోపాటే కుంగింది కదా. సముద్రం కుంగలేదు."

గణేశ్వరరావు మొహంలో నవ్వు పోయింది. "మా నాన్న గీసిన గీత మునిగిపోయిందంటావు."

"అక్టోబరులో మునిగింది. మీరూ చూశారు."

"అది తుఫాను నీళ్ళు."

"తుఫానెక్కడొచ్చింది?"

"అరే బాబా! తలుపులు పెట్టేసినాం, కిటికీలు పెట్టేసినాం. ఇప్పుడు నేల లేపితే పెద్దోళ్ళ తలలు తగలవేటి? నువ్వు బోర్డు మీద గీసుకో అమ్మా, నానేటీ అనను. కట్టడం నాకొగ్గెయ్."

తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళు. ఆ మూడు కాళ్ళ కుందేటినే చూపించి ఊరంతటినీ నమ్మిస్తాడు. కావేరి హెడ్మాస్టరు భానుప్రకాష్ దగ్గరకు వెళ్ళింది. ఆయన పుస్తకంలో నెమలీక పెట్టుకునే రకం మనిషి, దేన్నీ నలగనివ్వడు.

"మనం లెక్కల వాళ్ళం మేడమ్, ఇంజనీర్లం కాదు కదా. అయినా ప్రారంభోత్సవం ఖాయమైపోయింది. పెద్దాఫీసరు వస్తున్నారు. గణేశ్వరరావు గారు పంతులుగారి చేత ముహూర్తం కూడా పెట్టించారు. చైత్ర పౌర్ణమి, ఉదయం తొమ్మిదిన్నర."

కావేరి ఒక్క క్షణం ఆయన మొహం వంక చూసింది. పోర్ట్ బ్లెయిర్లో పున్నమినాడు పోటు ఉదయం తొమ్మిది, పది మధ్యనే నిండుతుంది. తాతలు పడవలు తోసింది ఆ వేళకే. చైత్రంలో పోటు అన్నిటికంటే పెద్దది. పడవవాడి కొడుకు, అంగట్లో పప్పులు కొన్నట్టు పంచాంగంలో పున్నమి కొనుక్కున్నాడు, ఆ పున్నమికి సముద్రంతో ఏం పనుందో తండ్రి పోగానే మర్చిపోయి.

"సార్, ఆ వేళకు నీళ్ళు ఆ గదిలో ఉంటాయి" అంది.

"శుభమా అని అంటుంటే..." అన్నాడు భానుప్రకాష్, నొచ్చుకుని.

చెవిటివాడి ముందు శంఖం ఊదినా వాడు కనీసం ఊదే మనిషి బుగ్గలైనా చూస్తాడు. ఈయన అదీ చూడలేదు. కావేరి బయటికి వచ్చేసి, వరండాలో చెరగకుండా ఉన్న లెక్క ముందు కాసేపు నిలబడింది. రెండు సరైనది, మూడు సరైనది, వంద సరైనది. సరైన జవాబులు ఇన్ని చేతికి అందుతుంటే, పట్టుబట్టి తప్పు జవాబు దగ్గరే కూర్చోవడానికి మనుషులకు ఎంత తీరిక కావాలి!

పౌర్ణమి వచ్చింది. గదులకు లేత పసుపు రంగు వేశారు. గుమ్మానికి మామిడాకులు, నేల మీద ముగ్గు. మరుగుదొడ్ల గోడకు నీలం రంగు వేసి, దాని మీద శుభ్రత గురించి ఒక మంచి మాట రాయించారు. గొయ్యికి మూత పెట్టారు గాని అతికించలేదు. వాసన వస్తుందేమోనని గది నాలుగు మూలలా అగరొత్తులు గుచ్చారు. మసి పూసి మారేడుకాయ చెయ్యడం అందరూ చేస్తారు, మారేడుకాయకు అగరొత్తులు కూడా గుచ్చినవాణ్ణి కావేరి అప్పుడే చూసింది.

ప్రత్యూష రోడ్డు మీదే ఆగిపోయింది. కల్వర్టు గోడ ఎక్కి కూర్చుంది. భానుప్రకాష్ చప్పట్లు కొట్టి పిలిచాడు, రాలేదు.

"ఉండనివ్వండి సార్" అంది కావేరి. మిగతా పిల్లలతో లోపలికి వెళ్ళింది. వాళ్ళను వరసల్లో కూర్చోబెట్టి, చెప్పులు విప్పొద్దని మెల్లగా చెప్పింది.

ఆఫీసరు వచ్చాడు, రిబ్బను కత్తిరించాడు. తెల్ల ప్యాంటు, తెల్ల బూట్లు. గణేశ్వరరావు మైకు అందుకున్నాడు. నీళ్ళు అప్పటికే మోడుకొబ్బరుల మొదళ్ళ చుట్టూ మెరుస్తున్నాయి. కిటికీకి వీపు పెట్టి నిలబడ్డ మనిషికి అది కనిపించలేదు.

"ఈ పిల్లగుంటలు సునామీలో అన్నీ పోగొట్టుకున్నోళ్ళు" అన్నాడు. గొంతు నిజంగానే జీరపోయింది. "ఈళ్ళు నా సొంత పిల్లలతో సమానం. నా ఇల్లు ఈళ్ళ ఇల్లే. ఎప్పుడొచ్చినా నా తలుపులు తీసే ఉంటాయి."

చప్పట్లు పడ్డాయి. చప్పట్ల వెనకాల, నీలం రంగు గోడ అవతల, గుడగుడమని ఒక చప్పుడైంది. పొయ్యి మీద అంబలి పొంగినట్టు. గొయ్యి మూత పక్కకు జరిగింది.

మొదట వాసన వచ్చింది. అగరొత్తుల పొగలో కలిసి అది మరీ భరించలేనిదైంది. తర్వాత గుమ్మం కింద నుంచి నీళ్ళు, నల్లగా, నురగతో, తీరుబాటుగా లోపలికి వచ్చాయి. ముగ్గు కరిగి పాయలు పాయలుగా పోయింది. మడచెట్ల బురద, చచ్చిన పీత, ఇక చెప్పకూడనివీ. ఆఫీసరు తెల్ల బూటు ఒకటి పైకెత్తాడు. రెండోది ఎక్కడ పెట్టాలో తెలియక కుర్చీ మీదికి ఎక్కాడు. పిల్లలు బెంచీల మీదికి ఎక్కారు. ఫోటోల మనిషి కెమెరా నెత్తి మీద పెట్టుకున్నాడు. ఎవరో వాంతి చేసుకున్నారు.

ఆఫీసరును ఇద్దరు మేస్త్రీలు కుర్చీతో సహా మోసుకెళ్ళి జీపులో పెట్టారు. ఆయన జేబురుమాలు ముక్కుకు పెట్టుకుని, ఏర్పాట్లు బాగున్నాయని చెప్పి వెళ్ళిపోయాడు.

నీళ్ళలో మోకాళ్ళ దగ్గర ప్యాంటు పట్టుకుని నిలబడ్డ భానుప్రకాష్‌కు ఒక ఆలోచన వచ్చింది. ఆయన మొహం వెలిగింది.

"పిల్లలూ, ఘబరాపడొద్దు! ఇది నెలకు రెండు మూడు రోజులే కదా. ఇక నుంచి పున్నమికీ అమావాస్యకీ ఈ గదులకు సెలవు!"

బెంచీల మీద పిల్లలు కేకలు వేశారు, ఆనందంతో. గణేశ్వరరావు కూడా తల ఊపాడు. "అదీ మాట. మధ్యాహ్నానికి నీళ్ళు దిగిపోతాయి. కడిగిస్తే సరి."

అడుసు తొక్కనేల, కాలు కడగనేల అన్నారు పెద్దలు. వీళ్ళు నెలకు రెండుసార్లు తొక్కుతారు, రెండుసార్లు కడుగుతారు, దానికి సెలవు కూడా ఇస్తారు. గది నేలను లేపమంటే తలుపులు అడ్డం వచ్చాయి, బడినే దించెయ్యడానికి మాత్రం ఏదీ అడ్డం రాలేదు. కాళ్ళ కింద ఉన్న నీళ్ళ కంటే ఆ కేకలకే కావేరికి ఎక్కువ అసహ్యం వేసింది. పిల్లల మీద కాదు. వాళ్ళచేత అలా కేకలు వేయించినవాళ్ళ మీద.

పిల్లల్ని ఒక్కొక్కర్నీ చెయ్యిపట్టి రోడ్డెక్కించింది. కల్వర్టు గోడ మీద ప్రత్యూష కాళ్ళు ముడుచుకుని, మోకాళ్ళను వాటేసుకుని కూర్చుని ఉంది. కింద వీరన్న గీత ఎక్కడుందో కనపడటం లేదు.

"రెండు వరుసలు, టీచర్" అంది. "నాను సెప్పినాను కదా."

"చెప్పావు."

"నానింటికి ఎల్తాను. ఇంక రాను."

యర్రమ్మ ఆ పిల్లను రొయ్యలు ఒలిచే షెడ్డుకు పంపాలని చూస్తోందని కావేరికి తెలుసు. ఇవాళ ఇంటికి వెళ్ళిందంటే రేపు ఆ షెడ్డులోనే ఉంటుంది. ఇచ్చిన మాట గంట కింద మురిక్కాలవలో కలిసింది. కొత్తగా ఏ మాట ఇచ్చినా ఆ పిల్ల నమ్మదు, నమ్మకూడదు కూడా. కావేరి చుట్టూ చూసింది. ఈ పిల్లకు మాట కాదు, నేల చూపించాలి. గీతకు మూడడుగుల కంటే ఎత్తున్న నేల, ఏదైనా సరే. జవాబులు బోలెడు.

రోడ్డుకు పైన, కొండవాలులో ఒక జవాబు తెల్లగా మెరుస్తూ కనిపించింది. రెండంతస్తులు, ముందు వరండా, ఆ వరండాకు చెన్నై నుంచి ఓడలో తెప్పించిన పలకలు. గణేశ్వరరావు ఇల్లు.

"ప్రత్యూషా, ఆ వరండా పోటు కంటే ఎత్తా, తక్కువా?"

పిల్ల తలెత్తి చూసింది. కళ్ళు చిట్లించి చాలాసేపు చూసింది. "చానా ఎత్తు" అంది.

"దిగు. చలో, అందరూ లైను కట్టండి. బోర్డు ఎవరు పట్టుకుంటారు?"

ముప్పైమంది దాకా పిల్లలు కొండెక్కారు. బడి వరండాలోని బోర్డు ఇద్దరు మోశారు. చెప్పుల్లో, గోళ్ళలో, పిక్కల మీద నల్లటి బురద. దారి పొడవునా కుక్కలు వాసన చూసి పక్కకు తప్పుకున్నాయి. ప్రత్యూష ముందు నడిచింది, ఆ మొత్తం వరసలో పొడిగా ఉన్న కాళ్ళు ఆమెవే.

గణేశ్వరరావు భార్య కనకలక్ష్మి వరండాలో కూర్చుని కరివేపాకు దూస్తోంది. పిల్లలు చెప్పులు కింద విడిచి మెట్లెక్కడం చూసి లేచి నిలబడింది. ప్రత్యూష వెనకాల తెల్ల పలకల మీద మొదటి ముద్ర పడింది, నల్లగా, ఐదు వేళ్ళూ అచ్చుగా. తర్వాత లెక్కలేనన్ని.

"ఓలమ్మ! ఇదేటే కావేరీ!"

"క్లాసు అత్తయ్యా. మావయ్య మైకులో చెప్పారు, ఆయన ఇల్లు ఈ పిల్లల ఇల్లేనట. తలుపులు తీసే ఉంటాయట."

కనకలక్ష్మి పాదముద్రల వంక చూసింది, పిల్లల వంక చూసింది. ముక్కు మీద కొంగు పెట్టుకుంది. "ఎక్కడిదే ఈ కంపు?"

"కొత్త బడిది" అన్నారు పిల్లలు ముక్తకంఠంతో.

ఆమె ఇంటాయన సంగతి ముప్పై ఏళ్ళుగా ఎరిగిన మనిషి. లోపలికి వెళ్ళి బకెట్టూ చెంబూ తెచ్చి, మెట్ల దగ్గర కూర్చుని, ఒక్కొక్కరి కాళ్ళ మీద నీళ్ళు పొయ్యడం మొదలెట్టింది. పోస్తూ తిట్టింది. ఎవర్నో పేరు పెట్టి చెప్పలేదు గాని, వీధి మొత్తానికి అర్థమయ్యేలాగే తిట్టింది. కాళ్ళు కడుక్కున్నవాళ్ళు వరసగా గోడ వారన కూర్చున్నారు. కావేరి బోర్డును కిటికీకి ఆనించింది. ప్రత్యూష ముందు వరసలో బాసింపట్టు వేసుకుని కూర్చుంది. అరచేతితో పలకల్ని ఒకసారి తడిమి చూసింది, తడి ఉందేమోనని.

లెక్క మళ్ళీ మొదటి నుంచి చేస్తుండగా గణేశ్వరరావు వచ్చాడు. పట్టుపంచె మోకాళ్ళ దాకా నల్లగా అంటుకుపోయి ఉంది. మొదటి మెట్టు మీద కాలు పెట్టి, వరండా చూసి, అక్కడే కొయ్యబారిపోయాడు.

"నా పలకలు! చీ చీ, ఏటీ కంపు! ఎవులు రమ్మన్నారు ఈళ్ళని?"

"నువ్వే రమ్మన్నావట, మైకులో" అంది కనకలక్ష్మి. "ఆ కంపు నీదే. ఆ పిల్లలు కడిగేసుకున్నారు. నువ్వక్కడే ఆగు, పైకి రాకు."

"నా ఇంట్లోకి నన్ను రావద్దంటావేటి?"

"కాళ్ళు కడుక్కుని రా."

ఇంటి పేరు కస్తూరివారు, ఇంట్లో గబ్బిలాల కంపు అని విన్నాం గాని, ఆ కంపుకు సొంత గుమ్మమే అడ్డం నిలవడం తక్కువ. గణేశ్వరరావు కావేరి వైపు చూశాడు, మేనకోడలు వరసైనదాన్ని ఇంతమందిలో ఏమనాలో తెలియక. బోర్డు వైపు చూశాడు. 24 + 8x > 36 అని ఉంది. కింద మెట్టు మీదే కూలబడి, చెంబు తీసుకుని కాళ్ళ మీద నీళ్ళు పోసుకోసాగాడు. బురద ఒకంతట వదలడం లేదు. గోళ్ళతో గీకాడు.

"రేపు కూడా ఇక్కడేనా?" అన్నాడు, తల ఎత్తకుండా.

"నేల లేచేదాకా, మావయ్యా" అంది కావేరి.

ఆయన ఇంకో చెంబు పోసుకున్నాడు. దిగువన, నీళ్ళ మధ్య పసుపు రంగు గదులు ఇక్కణ్ణుంచి బాగా కనిపిస్తున్నాయి. కల్వర్టు గోడ కనిపిస్తోంది, దాని మీద తండ్రి గీసిన గీత మాత్రం కనిపించడం లేదు. చూశాడు. మళ్ళీ చూశాడు.

"తలుపులు పీకించాల" అన్నాడు ఎవరితోనూ కాదన్నట్టు. తర్వాత కావేరి వైపు తిరిగాడు. "ఎన్ని వరుసలన్నావు? రెండు సాలవా?"

కావేరి ప్రత్యూష వైపు చూసింది. పిల్ల బోర్డు వైపు ఒకసారి, సముద్రం వైపు ఒకసారి చూసింది. రెండు సరిపోతుందని ఆ తరగతిలో అందరికంటే బాగా తెలిసింది ఆమెకే.

"మూడు" అంది.